చూర

శనివారం రాత్రి షట్టర్ దించేముందు
యూసుఫ్ భాయ్ గల్లా పక్కన ఒక సంచి పెడ్తడు.
విరిగిన ఉస్మానియాలు, అంచులు రాలినవి,
ట్రే మూలల్ల మాడి నెలవంక మిగిలినవి.
కిలో సగం ధర. దాని పేరు చూర.
మూసారాంబాగ్ పిల్లలకు అదే అసలు బిస్కెట్,
గుండ్రంగ ఉండేది చుట్టాలకు.

ఆ రాత్రే గ్యాస్ అయిపోయింది.
మంగళవారం అన్నరు ఏజెన్సీల.
సోమవారం మా సంహితకు పదకొండు నిండుతయి.
"పొయ్యి లేకుండ చేద్దాం అమ్మా."
పొయ్యి లేకుండ తీపేంది, నవ్విన నేను.
మా అమ్మ చేతిల తీపంటే పాకం,
తీగ సాగిందా లేదా అని వేళ్ల నడుమ చూసుకునుడు,
చెయ్యి కాలుడు, ఊదుకునుడు.
కాలని చేతికి తీపి ఎట్ల తెలుస్తది?

వినలేదు పిల్ల. ఆదివారం పొద్దుగాల
చూరను పాత తువ్వాలల మూటగట్టి
చపాతీ కర్రతోని దంచుడు షురూ చేసింది.
కింది పోర్షన్ల నుంచి విఠల్‌రావు సారు,
"పైన ఏం కూలగొడ్తున్నరమ్మా!"
"బిస్కెట్లు తాతా!"
కొంచెంసేపు చప్పుడు లేదు.
తర్వాత మెల్లగ, మెట్ల దగ్గరికొచ్చిన గొంతు:
"మరీ పిండి చేయకు బిడ్డా, పలుకుండనీ."

అటక మీది గాజు గిన్నె దించినం.
పెండ్లిల ఎవరిచ్చిన్రో యాదికి లేదు.
పగుల్తదని భయం, పసుపు మరక పడ్తదని భయం,
పదమూడేండ్లు కాగితం కూడ విప్పలేదు.
వెన్న కరగాలె. గిన్నెలేసి
పిట్టగోడ మీద పెట్టిన, మే నెల ఎండ,
నాలుగు నిమిషాలు పట్టలేదు.
తీయబోతే చెయ్యి చురుక్కుమన్నది.
ఊదుకున్న.

వెన్న తాగిన చూర కింద. అరచేత్తో అదిమితే
తడిసిన ఇసుక లెక్క కూసున్నది.
మీద పెరుగు, రాత్రంత కిటికీ కమ్మికి
మూటల వేలాడి నీళ్లన్ని విడిచినది,
డబ్బాల చిక్కపాలతోని గిలక్కొట్టినది.
దాని మీద బేగంబజార్ ఖుబానీలు,
నానినంక ముడతలు మరిచిపోయినవి.
గింజలు పగలగొట్టి లోపటి పప్పు తీసిన
మీద చల్లుదామని.
చల్లే యాళ్లకు సగమే ఉన్నయి,
పిల్ల దవడ ఆడుతనే ఉన్నది.
మళ్ల చూర. మళ్ల పెరుగు.
మా వంటింటి బండ మోరీ దిక్కు వాలు,
పొరలన్ని అటే ఒరిగినయి.

మా ఫ్రిజ్ ఏప్రిల్ల ఆగిపోయింది,
ఇప్పుడు దాంట్ల ఉల్లిగడ్డలు పోస్తున్నం.
గిన్నె పట్టుకొని మెట్లు దిగినం,
ముందల నేను, వెనుక "మెల్లగ, మెల్లగ" అనుకుంట అది.
సారు ఫ్రిజ్ల ఇన్సులిన్ సీసాలు,
ఒక నిమ్మకాయ, సగం కోసిన కాకరకాయ.
కాచిగూడ ప్రెస్సుల ముప్పై ఏండ్లు
సీసం అక్షరాలు పేర్చిన మనిషి,
అద్దం కండ్లకు పెట్టుకొని
గిన్నెను పక్కనుంచి చూసిండు.
వేలుతోని వరుసలు లెక్కవెట్టిండు.
"వాలింది గని తప్పు లేదు. కింది నుంచి చదువాలె దీన్ని."

రాత్రి రెండుసార్లు కరెంటు పోయింది.
రెండుసార్లు సంహిత లేచి కూసున్నది.

పొద్దుగాల తలుపు తీస్తే
గిన్నెల ఒక మూల బొంద.
చెంచాంత వెడల్పు, పైనుంచి గాజుదాకా,
అన్ని పొరలు దాటి దిగినది.
సారు పేపర్ల తల దాచుకున్నడు.
"పిల్లి వచ్చిందేమో" అన్నడు.
ఫ్రిజ్ తలుపు తీసి, మళ్ల వేసి,
చెంచా కడిగి బోర్లించి పోయిన పిల్లి.
స్టాండుల ఆ చెంచా ఇంక ఆరలేదు.

నేను ఇన్సులిన్ దిక్కు చూసిన.
కోపానికి రావాలె, రాలేదు.
పిల్ల మిగిలిన పిడికెడు చూర తెచ్చి
బొందల పోసి, వేలితో సదిరి,
కొవ్వొత్తి అక్కడనే గుచ్చింది.
"ఏం రంగు పిల్లి తాతా?"
"బూడిద రంగు. ముసలిది."
"మంచిగున్నదన్నదా?"
పేపర్ ఇంకొంచెం పైకి లేసింది.
"పలుకు తక్కువైందన్నది."